సారె ముట్టని ఓబులమ్మ

అనగా అనగా ఒక కాలం. ఎప్పుడని మాత్రం అడగొద్దు. మా అవ్వకు వాళ్ళవ్వ చెప్పేనాటికే ఇది ముసలి కథ. ఇత్తడి బిందె అనేది పెద్దరెడ్డి ఇంట్లో ఒక్కటుంటే, దాన్ని చూసిపోదామని పక్కూళ్ళ నుంచి జనం బండ్లు కట్టుకొని వచ్చిన కాలం. వండితే కుండ. తాగితే కుండ. దాచిపెడితే కుండ. కుండ లేని ఇల్లు ఇల్లే కాదు.

ఆ కాలంలో ఎర్రమిట్ట అని ఒక ఊరు. ఊరి కొసన కుమ్మరి తిమ్మన్న ఇల్లు. ఎర్రమిట్టకూ, చుట్టూ ఉండే ఆరూళ్ళకూ కుండలు ఆ ఇంటి నుంచే పోవాల. తాతముత్తాతల నుంచి వచ్చిన హక్కు అది. ఆ ఇంట్లో తిమ్మన్న, అతని తల్లి ఈరమ్మ, పెండ్లాం ఓబులమ్మ, ఇద్దరు ఆడపిల్లలు. పెద్దది నాగి, చిన్నది సుంకి.

ఇప్పుడు నేనడుగుతా, మీరు చెప్పండి. గుంతలోకి దిగి మన్ను తవ్వేది ఎవరు? ఓబులమ్మ. ఆ మన్ను తట్టకెత్తి మోసుకొచ్చేది ఎవరు? ఓబులమ్మ. రాళ్ళేరి, జల్లించి, నీళ్ళు పోసి, పిక్కలు పట్టేదాకా కాళ్ళతో తొక్కేది ఎవరు? ఇంకెవరు, ఓబులమ్మే. తిమ్మన్న సారె మీద ముద్ద పెట్టి కుండ లేపితే, దాని అడుగు చెక్కతో తట్టి తట్టి గుండ్రం చేసేది ఓబులమ్మ. ఆరబెట్టేది, కాల్చను ఆవం పేర్చేది, నిప్పు పెట్టేది, కాలిన కుండలు గంపకెత్తుకొని ఏడూళ్ళూ ఇచ్చొచ్చేది ఓబులమ్మ. మరి ఈ కుండ చేసిందెవరయ్యా అని ఏ ఊర్లో అడిగినా ఏమంటారు? "కుమ్మరి తిమ్మన్న!" అంటారు. బాగుంది కదా వరస?

తిమ్మన్న మంచోడే. ఆయన్ను నేనేమీ అనను. సారె, అదే కుమ్మరి చక్రం, దాని గురించి కుమ్మరోళ్ళలో ఎప్పటినుంచో ఒక కట్టు ఉండేది. ఆడది సారె ముట్టగూడదు. ముడితే సారె పగుల్తాది, ఆవం ఆరిపోతాది, వచ్చే వాన వెనక్కి మళ్ళుతాది. ఓబులమ్మ కాపురానికి వచ్చిన నాడే ఈరమ్మ ఆమెను సారె ముందర నిలబెట్టి చెప్పింది.

"ఏమే, ఈ ఇంట్లో పొయ్యి నీది, రోలు నీది, ఆవం నీది. ఇదొక్కటి నీది కాదు. నీ కొంగు కూడా తగలగూడదు."

"సరే అత్తా," అనింది ఓబులమ్మ. పన్నెండేళ్ళు కాపురం చేసింది. పన్నెండేళ్ళూ కొంగు తగలనీలేదు.

ఇట్లుండగా దసరా పోయిన మూడోనాడు తిమ్మన్నకు చలిజరం పట్టుకుంది. మూడు రోజులు వణికినాడు. నాలుగోనాడు లేడు. ఓబులమ్మ ఏడ్చింది. ఏడవకుండా ఉంటుందా? గుండెలు బాదుకొని ఏడ్చింది. ఏడ్చి ఏడ్చి పిల్లల మొహం చూసి లేచింది.

పదకొండో దినం అయిపోయినాక కుమ్మరోళ్ళ కులపెద్ద గిడ్డయ్య వచ్చి అరుగు మీద కూర్చున్నాడు. మనిషి నెమ్మదస్తుడే. కానీ కట్టు అంటే ఆయనకు ప్రాణం, కట్టు తప్పిన కూడు ముట్టడు. పక్కన తిమ్మన్న చిన్నాయన కొడుకు గంగన్న కూర్చున్నాడు. ఏటవతలి ఊరు వానిది. ఏడ్చేవాళ్ళ కంటే ముందొచ్చి, ఇంటి వాసాలు ఎన్నున్నాయో చూసుకుంటాండిన మనిషి.

గిడ్డయ్య గొంతు సవరించుకున్నాడు. "ఓబులమ్మా, నాకూ కడుపు తరుక్కుపోతాంది. కానీ సారె ఆగితే ఏడూళ్ళు ఆగుతాయి. సారె తిప్పే మగోడు ఈ ఇంట్లో లేడు. కట్టు ప్రకారం ఇల్లు, ఆవం, మన్నుగుంత గంగన్నకు పోతాయి. నువ్వూ పిల్లలూ వాని పంచన బతకండి."

గంగన్న పళ్ళికిలించినాడు. "దానికేముంది వదినా. మా ఇంటిదానికి పనిలో చేదోడుగా ఉంటారు. ఆవం బూడిద ఎత్తను కూడా మనుషులు కావాల కదా." అని, ఈరమ్మ దిక్కు తిరిగి, "పెద్దమ్మా, నీకేం దిగులొద్దు. నిన్ను నెయ్యి ముద్దలు పెట్టి చూసుకుంటా," అన్నాడు.

ఓబులమ్మ లేచి నిలబడింది. ఇద్దరు పిల్లలూ ఆమె కుచ్చిళ్ళు పట్టుకొని నిలబడినారు. తను తవ్విన గుంత, తను కాల్చిన ఆవం, తను అలికిన ఇల్లు, అన్నీ ఒక్క మాటతో పోతాండాయి.

"గిడ్డయ్య మామా, ఏడూళ్ళకు కావాల్సింది సారెనా, కుండలా?"

"కుండలే."

"కుండలు నేనిస్తా."

అరుగు మీద జనమంతా నవ్వినారు. గిడ్డయ్య మాత్రం నవ్వలేదు. "సారె ముట్టకుండానా?"

"ముట్టను. నా కొంగు కూడా తగలనీను."

"మరి ఎట్ల చేస్తావు తల్లీ?"

"అది నాకూ ఇంకా తెలీదు," అనింది ఓబులమ్మ. అబద్ధం చెప్పే మనిషి కాదు. "మాఘమాసంలో పెద్దరెడ్డి బిడ్డ పెళ్ళి ఉంది కదా. దానికి ఐరేని కుండలు ఈ ఇంటి నుంచి పోకుంటే అప్పుడు నన్ను లేచిపొమ్మను. నా అంతట నేనే పోతా."

ఐరేని కుండలంటే పెళ్ళికుండలు. మేళతాళాలతో కుమ్మరింటికి వచ్చి తీసుకుపోతారు. అడుగున పెద్ద బాన, దాని మీద ఒకటి, దాని మీద ఒకటి, మొత్తం ఏడు. సున్నం, ఎర్రటి జాజు పూసి పందిట్లో పేరుస్తారు. అవి లేకుండా ఏ పెళ్ళీ జరగదు. అన్నిటికంటే కష్టం ఆ పెద్ద బాన. చేయి తిరిగిన కుమ్మరికే చెమటలు పట్టిస్తాది.

"సరే. మాఘమాసం దాకా గడువు," అని గిడ్డయ్య లేచిపోయినాడు. గంగన్న కూడా లేచినాడు, పోతూ పోతూ గుమ్మం పొడుగు జానతో కొలుచుకొని మరీ పోయినాడు.

ఆ రోజు నుంచి ఈరమ్మ తన మంచం తెచ్చి సారె పక్కనే వేసుకుంది. పగలూ అక్కడే, రాత్రీ అక్కడే. "నువ్వు మంచిదానివే. కానీ ఆకలి మంచిది కాదు. ఎప్పుడు ఏ బుద్ధి పుడతాదో," అనింది కోడలితో. ఓబులమ్మకు కోపం వచ్చింది. మింగుకుంది.

కార్తీకం పోయింది. ఎంత ఆలోచించినా దారి తోచలేదు. ఇంట్లో గింజలు నిండుకుంటే ఓబులమ్మ కూలికి పోయింది. పెద్దరెడ్డి ఇంట్లో కొత్త గాదె అల్లించినారు, దానికి మన్నూ పేడా పూయాల. గాదె మనిషి కంటే ఎత్తు, ఇద్దరు చేతులు చాపినా అందనంత వెడల్పు. ఓబులమ్మ బుట్ట పక్కన పెట్టుకొని ఒక చేత్తో గాదెను పట్టుకొని, ఒక చేత్తో పూస్తా, గాదె చుట్టూ తిరగను మొదలుపెట్టింది. ఒక చుట్టు తిరిగింది. రెండు చుట్లు తిరిగింది. మూడో చుట్టులో ఉన్నపాటున ఆగిపోయింది. ఆగి పకపకా నవ్వింది.

పెద్దరెడ్డి ఇల్లాలు రెడ్డిసానమ్మ వంటింట్లో నుంచి పరిగెత్తుకొని వచ్చింది. "ఏమే ఓబులీ, ఏమైంది నీకు? గాలి గాని సోకిందా?"

"అమ్మా, ఈ గాదె తిరుగుతాందా?"

"గాదె ఎట్ల తిరుగుతాదే, పిచ్చిదానా?"

"తిరగడంలేదు కదా! నేను కదా తిరుగుతాండేది! ఐనా గుండ్రంగానే వచ్చింది కదమ్మా!"

రెడ్డిసానమ్మకు ఏమీ అర్థం కాలేదు. ఇంత వేపాకు తెచ్చి ఓబులమ్మ తల చుట్టూ తిప్పి పారేసింది. ఓబులమ్మ గాదె పూయడం ముగించి, చేతులు కడుక్కోకుండానే ఇంటికి పరిగెత్తింది.

ఇంట్లో రోలు బోర్లించింది. రోలు ఆడదానిదే కదా, దాన్ని ముడితే ఏ వానా వెనక్కి పోదు. రోలు మీద బూడిద చల్లింది. బూడిద మీద మన్ను పరిచి అడుగు పెట్టింది. మన్నును చేత్తో తాళ్ళు తాళ్ళుగా పేని, అడుగు మీద చుట్టుకుంటా పోయింది. ఎడమ చేయి లోపల, కుడి చేయి బయట. చేతులు కదలవు, కాళ్ళు కదులుతాయి. తడిగుడ్డ అంచుకు ఆనించి గుండ్రంగా, ఒకటే నడక. సారె తిరగలేదు, ఓబులమ్మ తిరిగింది.

చూడవచ్చిన ఇరుగమ్మలు మూతులు తిప్పినారు. "ఆడది తిరిగి చెడె, మగాడు తిరగక చెడె అని ఊరికే అన్నారా?" అని దీర్ఘాలు తీసినారు. ఆ సామెత కట్టినోడు ఒక్కనాడన్నా ఏటి నుంచి నీళ్ళు మోసుకొచ్చినాడో లేదో నాకు తెలీదు. ఓబులమ్మ వాళ్ళ దిక్కు చూడనుకూడా చూడలేదు.

మొదటి బాన. ఉత్సాహం పట్టలేక ఒక్కరోజులోనే రొమ్ము ఎత్తు లేపేసింది. పొద్దు వాలేసరికి అడుగు ఉబ్బింది, పక్కకు ఒరిగింది, దబ్బున కూలబడింది. మంచం మీద నుంచి ఈరమ్మ, "అయిందా?" అనింది. ఓబులమ్మ కూలిన మన్ను ముందర గొంతుక్కూర్చొని చూసింది. "అడుగు ఆరకముందే తల పెట్టినా అత్తా. తప్పు నాదే. మట్టిగోడ కట్టేవాళ్ళయినా రోజుకు మూరే కదా లేపుతారు," అనింది. అని ఆ మన్నే మళ్ళీ తొక్కింది.

రెండో బాన. రోజుకు రెండే చుట్లు. ఆరనిచ్చి, మళ్ళీ రెండు చుట్లు. పది రోజులకు బాన నిలబడింది. పిల్లలు చప్పట్లు కొట్టినారు. సంతోషంగా ఇంటి ముందర పెట్టింది. ఒక పక్క ఎండ, ఒక పక్క గోడ నీడ. మధ్యాహ్నానికి పైనుంచి కిందిదాకా వేలు పట్టేంత వెడల్పున నెర్రె విచ్చుకుంది. ఈసారి ఓబులమ్మకు ఏడుపొచ్చింది. గోడకు మొహం పెట్టుకొని ఏడ్చింది. చిన్నది సుంకి వచ్చి కొంగు లాగింది.

"అమ్మా, నేను పుట్టినప్పుడు నన్ను కూడా ఎండలోనే పెట్టినావా?"

"లేదే. చీకటింట్లో, గుడ్డ కప్పి దాచుకుంటిని."

"మరి దాన్ని ఎండలో పెట్టినావు, పాపం!"

ఓబులమ్మ కళ్ళు తుడుచుకుంది. పిల్లను ఎత్తుకొని ముద్దు పెట్టుకుంది. పెళ్ళికి ఇంకా నెల కూడా లేదు.

మూడో బాన. రోజుకు రెండే చుట్లు, తడిగుడ్డ కప్పి లోపలింట్లోనే. బాన ఆరే సందులో మిగతా ఆరు కుండలు. తెల్లారి లేస్తే నడక, పొద్దుగూకేదాకా నడక. మడమలు పగిలినాయి, ఆముదం రాసుకొని మళ్ళీ నడిచింది. సారె తిరగలేదు, ఓబులమ్మ తిరిగింది. ఈరమ్మ సారె పక్కన మంచం మీద కూర్చొని చూస్తానే ఉంది. మొదట్లో సారెను చూసేది. రాన్రానూ కోడలి కాళ్ళను చూడబట్టింది. ఒకనాడు లేచి, వేన్నీళ్ళు కాచి తెచ్చి కోడలి కాళ్ళ దగ్గర పెట్టి, పోయి మళ్ళీ మంచం మీద కూర్చుంది.

పెళ్ళికి మూడు రోజులనంగా ఆవం విప్పినారు. మొదటి కుండ తీసి వేలితో తడితే ఖంగుమంది. రెండోది ఖంగుమంది. ఏడోది, పెద్ద బాన, గుడిగంట మోగినట్టు మోగింది. ఓబులమ్మ బాన మెడ చుట్టూ చేతులేసి, బిడ్డను మాదిరి హత్తుకుంది.

కబురు ఏరు దాటి పోయింది. మరుసటి రోజు గిడ్డయ్యను వెంటబెట్టుకొని గంగన్న ఊడిపడినాడు. ఊరంతా చేరింది. ఏడు కుండలూ వరసగా ఉన్నాయి. గంగన్న వాటిని చూసినాడు, మొహం నల్లబడింది.

"ఇంత గుండ్రంగా సారె లేకుండా యాడ వస్తాయి? కట్టు తప్పింది, పెద్దయ్యా! దొంగతనంగా సారె తిప్పింది. ముసల్ది నిద్దరపోయిన వేళ చూసి తిప్పింది. ఈ కుండలతో పెళ్ళి చేస్తే ఊరికే అరిష్టం!" అని చేతికర్ర ఎత్తినాడు, బానను కొట్టను.

ఈరమ్మ ఎప్పుడు లేచిందో ఎవరూ చూడలేదు. ఎత్తిన కర్రను రెండు చేతుల్తో పట్టుకుంది.

"కుమ్మరికి ఒక యేడు, గుదియకు ఒక పెట్టు అని నీ తాత నీకు చెప్పలేదా? దించు కర్ర! నేను నిద్దర పోయేదానికి నాకు నిద్దరుందా? కొడుకు పోయిన తల్లికి నిద్దరుంటుందిరా? వంద రోజులు ఈ సారె పక్కన కళ్ళు తెరుచుకొని ఉన్నా. నా కోడలు ముట్టలేదు. దాని కొంగు కూడా తగల్లేదు."

గంగన్న గొంతు తగ్గించినాడు. "పెద్దమ్మా, నిన్ను నెయ్యి ముద్దలతో..."

"అబద్ధం చెప్పి తినే నెయ్యి నాకు గొంతు దిగదు నాయనా. నువ్వే తిను." అని గిడ్డయ్య చేయి పట్టుకొని లోపలింటికి లాక్కుపోయింది. "పెద్దయ్యా, సారె తర్వాత చూద్దువుగానీ. ముందు నేల చూడు."

గిడ్డయ్య చూసినాడు. బోర్లించిన రోలు చుట్టూ నేల అరిగి, బెత్తెడు లోతు గాడి పడి ఉంది. బండి చక్రం దారి చేసినట్టు, గుండ్రంగా. అక్కడక్కడ మడమలు పగిలి కారిన నెత్తురు మరకలు. గిడ్డయ్య ఆ గాడిని చూసినాడు. ఓబులమ్మ కాళ్ళను చూసినాడు.

"మామా," అనింది ఓబులమ్మ, "ఆడది సారె ముట్టగూడదు అనేది కట్టు. నేను తలొంచినా. ఆడది కుండ చేయగూడదు అని కట్టులో ఉందా?"

గిడ్డయ్య ముసలి కళ్ళు మూసుకొని తాత చెప్పినవి, ముత్తాత చెప్పినవి అన్నీ మనసులో తిరగేసినాడు. కళ్ళు తెరిచినాడు.

"లేదు తల్లీ. ఎవరూ చెప్పలేదు. ఎవరికీ తోచలేదు గనక చెప్పలేదు. ఇల్లు నీది, ఆవం నీది, గుంత నీది, ఏడూళ్ళూ నీవి."

మేళాలు వచ్చినాయి. రెడ్డిసానమ్మ ముత్తైదువలతో వచ్చి, బియ్యం, చీర పెట్టి, కుండలు ఎత్తించుకొని పోయింది. పోతా పోతా, "గాలి సోకింది అనుకుంటినే ఓబులీ!" అని నవ్వింది. గంగన్న ఏ దారిన పోయినాడో ఎవరూ పట్టించుకోలేదు.

కథ ఇక్కడితో అయిపోలేదు. మళ్ళీ యేడు పెద్దపిల్ల నాగి సారె దగ్గర నిలబడి, "అవ్వా, దీన్ని నేను ముడితే నన్ను ఏం చేస్తాది?" అని అడిగింది. ఈరమ్మ కోడలిని చూసింది. ఓబులమ్మ, "నేను మాటిచ్చినా, ముట్టను. పిల్ల సంగతి నువ్వు చెప్పత్తా," అనింది. ఈరమ్మ సారె తిప్పే కర్రను తన చేత్తోనే తీసి మనవరాలి చేతిలో పెట్టింది. "తిప్పు. నేను చూస్తాండా. పగిలితే నా తల పగలనీ," అనింది. నాగి తిప్పింది. సారె గిర్రున తిరిగింది. దానికి ఎవరి చేయైతేనేం?

వాన వెనక్కి పోయిందా అంటారా? ఆ యేడు దండిగా పడింది. మరుసటేడు పడలేదు. ఆ పైన మళ్ళీ పడింది. వాన ఎప్పుడూ చేసే పనే చేసింది.

నాగి సారె మీద చేసేది. ఓబులమ్మ మాత్రం చచ్చేదాకా రోలు చుట్టూ తిరిగే చేసింది. పిల్లలకు పెళ్ళిళ్ళయినాయి. ఇద్దరు అల్లుళ్ళూ ఎర్రమిట్టకే వచ్చి మన్ను తొక్కినారు, తప్పేముంది. ఈరమ్మ పోయింది, గిడ్డయ్య పోయినాడు. ఓబులమ్మ జుట్టు ఆవం బూడిద మాదిరి తెల్లబడింది. ఒకనాడు పొద్దున్నే, సగం లేపిన కుండకు తడిగుడ్డ కప్పి, గోడకు ఆనుకొని కూర్చొని, అట్లనే కన్నుమూసింది.

ఏడూళ్ళ జనం వచ్చినారు. చితి పేర్చినారు. అప్పుడొచ్చింది చిక్కు. నీళ్ళకుండ భుజాన పెట్టుకొని చితి చుట్టూ మూడు చుట్లు తిరగాల్సింది కొడుకు. కొడుకు లేకుంటే దాయాది మగోడు. కుండ పట్టినోడికే ఇల్లూ ఆస్తీ అనేది ఊరి వాడుక. ఓబులమ్మకు కొడుకు లేడు. గంగన్న కొడుకు కొత్త పంచె కట్టుకొని, తల తడుపుకొని ముందే వచ్చి నిలబడినాడు. గిడ్డయ్య తర్వాత పెద్దరికం చేస్తాండిన ఆయన కొడుకు, "కట్టు ప్రకారం..." అని మొదలుపెట్టినాడు.

ఇంటి నుంచి చితి దాకా తనే మోసుకొచ్చిన కుండను నాగి వదల్లేదు. రెండు చేతుల్తో పొట్టకు ఆనించుకొని నిలబడింది.

"అన్నా, ఈ కుండ చేసిందెవరు?"

"మీ అమ్మ."

"సారె మీదనా?"

"కాదు. చుట్టూ తిరిగి చేసింది. ఏడూళ్ళకూ తెలుసు."

"దీని చుట్టూ ఎన్ని చుట్లు తిరిగింటాది?"

"అది ఎవరికి తెలుస్తాది తల్లీ? ఎవరు లెక్కపెట్టినారు?"

నాగి కళ్ళల్లో నుంచి నీళ్ళు కారినాయి, కానీ మాట తడబడలేదు. "నాయన పోయినప్పటి నుంచీ మాకోసం లెక్కలేనన్ని చుట్లు తిరిగింది మాయమ్మ. ఆమె కోసం మూడు చుట్లు మేం తిరగలేమా?"

ఆ కులపెద్ద తల దించుకొని పక్కకు జరిగి దారిచ్చినాడు. గంగన్న కొడుకు అందరి మొహాలూ చూసి, వెనక్కి వెనక్కి పోయి జనంలో కలిసిపోయినాడు.

నాగి కుండ భుజాన పెట్టుకుంది. సుంకి వెనక నడిచింది. మొదటి చుట్టు తిరిగినారు, సుంకి కుండకు ఒక చిల్లు కొట్టింది, నీళ్ళు కారినాయి. రెండో చుట్టు, రెండో చిల్లు. మూడో చుట్టుకు ఇద్దరే లేరు. అంతదాకా శ్మశానం గడప తొక్కకుండా దూరాన నిలబడిన ఆడోళ్ళంతా, ఏడూళ్ళ ఆడోళ్ళంతా, ఆ అక్కచెల్లెళ్ళ వెనక నడిచినారు. వద్దు అన్న మగోడు ఒక్కడు లేడు.

ఆనాటి నుంచి ఆ ఏడూళ్ళలో అదే ఆచారం. పెళ్ళికి ఐరేని కుండలు తెచ్చుకోను పోయిన ఆడోళ్ళు, కుండ ఎత్తేముందు దాని చుట్టూ మూడుసార్లు తిరుగుతారు. దాన్ని ఓబులమ్మ చుట్టు అంటారు. ఏ ఆడపిల్లన్నా, "ఇది నాకు చేతగాదేమో, మాకు కూడదేమో," అని నసిగితే, "సారె తిరక్కుంటే నువ్వు తిరుగే! ఓబులమ్మ తిరగలేదా?" అని గదమాయిస్తారు. కొడుకు లేని ఇంట్లో మనిషి పోతే కుండ కూతురే పట్టుకుంటాది. ఎందుకని ఎవరూ అడగరు.

ఇదీ కథ. లేవండి, లేచి కుండలో నీళ్ళు తాగి పడుకోండి. ఏమే, నువ్వెందుకు అట్ల నన్నే చూస్తాండావు? నాకు కొడుకు లేడనా? నాకు ముగ్గురూ ఆడపిల్లలే. కుండ పట్టను ముగ్గురూ పోటీ పడతారేమో అని తప్ప, నాకు ఇంకే దిగులూ లేదు.